బావినీళ్ళు తాగిన బూరపూల చెట్టు

నా చిన్నప్పుడు నాకు నోటిదూల కాస్త ఎక్కువే. తొమ్మిదేళ్ళదాన్ని, బందరులో మా సండేస్కూలు పిల్లలందరి ముందూ లేచి, ఈ క్రిస్మస్‌కి చర్చిలో నేను పెంచిన చెట్టు పెడతాను, పువ్వులతో సహా, అనేశాను. పక్కింటి అక్క మూతి తిప్పి, "చూద్దాంలేవే" అంది. ఆ ఒక్క మాటకి ఆ పూట నాకు అన్నం సయించలేదు.

నా చెట్టంటే బూరపూల చెట్టు. మేం అలాగే అనేవాళ్ళం. ఉమ్మెత్తకి చుట్టం, దానిలాగే విషం. కానీ మనిషెత్తు పెరుగుతుంది. జానెడు పొడుగు తెల్లపువ్వులు దేవదూతల బూరల్లా కిందికి వేలాడతాయి, సాయంత్రమయ్యేసరికి వీధంతా వాసన. మా తాతయ్య ఎవరి దొడ్లోంచో కొమ్మ తెచ్చి, కిరసనాయిలు డబ్బాలో నాటి నాకిచ్చాడు. ముట్టుకున్నప్పుడల్లా చేతులు కడుక్కోమని మరీమరీ చెప్పాడు.

అసలే నీళ్ళకి ఆబగా ఉండే చెట్టు. ఎండెక్కేసరికి ఆకులు వేలాడేసేది. నేను బావి దగ్గరికి పరిగెత్తేదాన్ని. పొద్దున రెండు చెంబులు, మధ్యాహ్నం రెండు, సాయంత్రం ఇంకో రెండు. ఎంత పోస్తే అంత వాడింది! అంచులు మాడి ఆకులు రాలిపోవడం మొదలుపెట్టాయి. ఇంత చేస్తున్నా దీనికి విశ్వాసం లేదని డబ్బాని కాలితో తన్నాను కూడా.

తాతయ్య అది చూశాడు. మర్నాడు నేను బడినుంచి గొంతెండిపోయి వస్తే, గ్లాసునిండా నీళ్ళు అందించాడు. గబుక్కున ఒక గుక్క తాగి తుపుక్కున ఉమ్మేశాను. బావినీళ్ళు! నాకు ఒళ్ళు మండిపోయింది.

"ఇవెవరు తాగుతారు తాతయ్యా, ఉప్పు కషాయం!"

"నీకు నోరుంది గనక ఉమ్మేశావమ్మా. ఆ చెట్టేం చేస్తుంది?" అన్నాడు.

సిగ్గుతో చచ్చిపోయాను. మా ఇంట్లో ఆ నీళ్ళు అంట్లకీ స్నానాలకీ మాత్రమే. తాగడానికి కావిడి మనిషి మంచినీళ్ళు తెచ్చి పోసేవాడు. రోజూ చూస్తూ కూడా నాకు తట్టలేదు.

ఇద్దరం కలిసి ఉప్పుపట్టిన మన్నంతా పారబోసి, కాలవగట్టు మన్నూ చివికిన పెంటా వేసి మళ్ళీ నాటాం. మంచినీళ్ళు చెట్టుకి పోస్తే అమ్మ ఊరుకోదుగా! అందుకని బియ్యం కడిగిన నీళ్ళూ పప్పు కడిగిన నీళ్ళూ గిన్నెలో ఎత్తిపెట్టి పోసేదాన్ని. వానాకాలం వెళ్ళేసరికి కాండం పైన రెండుగా చీలింది. అలా చీలాకే మొగ్గ వేస్తుందని తాతయ్య చెప్పాడు. వేసింది! డిసెంబరులో పదకొండు మొగ్గలు!

క్రిస్మస్ ముందురోజు సాయంత్రం డబ్బాని రిక్షా ఎక్కించి, తాతయ్య పట్టుకు కూర్చుంటే నేను వెనకాలే నడిచాను. చర్చిలో పాట మొదలయ్యేసరికి పువ్వులన్నీ విచ్చుకున్నాయి. అందరి తలలూ అటే తిరిగాయి. పక్కింటి అక్క నా చెవిలో, "నాకో కొమ్మ ఇవ్వవే" అంది. గెలిచాను! ఆ పూట నా కాళ్ళు నేలమీద ఆనలేదు.

పెద్దయ్యాక ముప్పై ఏళ్ళు చిన్నపిల్లలకి పాఠాలు చెప్పాను. ఏ పిల్లయినా అర్థంకాక తెల్లమొహం వేస్తే, ఇంతసేపు చెప్పాను కదా అని కోపం తన్నుకొచ్చేది. అంతలోనే సుద్దముక్క పక్కన పెట్టి, ఆ పిల్ల పక్కన బల్లమీద కూర్చుని, నేను చెప్పింది నేనే ఒకసారి విని చూసుకునేదాన్ని. చాలాసార్లు తప్పు నాదే. మార్చి చెప్తే, ఆ పిల్లే లేచి గట్టిగా జవాబు చెప్పేది.