జ్యూరీ మెచ్చిన దోసకాయ

మొన్న నా సినిమాకు షీల్డు ఇచ్చిండ్రు. ఆగండి, కంగ్రాట్స్ అప్పుడే చెప్పకండి! ఎట్లొచ్చిందో విని, అప్పుడు గూడ నోరొస్తే చెప్పండి.

పదేండ్లుగా కథలు పట్టుకొని తిరుగుతున్న. ఒక నిర్మాత “హీరో ఏడమ్మా?” అంటడు. ఇంకొకడు “అడవి అంటున్నవు, మరి పులి లేదా?” అంటడు. మీ గడప తొక్కనని చెప్పి సొంతంగా తీసుడు మొదలుపెట్టిన. చర్ల దాటినంక ఒక కోయగూడెం. ముంపులో ఊరు పోతదని తెలిసిన ముసలవ్వ, పెరట్లో చెట్టుకు కాసిన ఆఖరి మామిడి పండు కొరుకుతది. అదే క్లైమాక్స్. అవ్వగా చేసేది ఆ గూడెం ముత్తవ్వే. కెమెరా రఫీది. ఖమ్మంలో పెళ్లి వీడియోలు తీస్తడు. తెల్లారితే మధిరలో పెళ్లి, కెమెరా అక్కడుండాలె. ఫెస్టివల్‌కు పంపే గడువు ఆ వారమే. ఆ సాయంత్రం పండు కొరికితేనే సినిమా. లేకుంటే ఇంకో ఏడాది గంగపాలు.

సత్తుపల్లిలో ఏరి కొన్న పండు చేతిలో పెట్టిన. ముత్తవ్వ నిప్పు ముట్టినట్టు కింద పెట్టేసింది.

“మామిడి కొత్తల పండుగ ఇంకా చెయ్యలే బిడ్డా. దేవునికి పెట్టకముందు మేం నోట్లో పెట్టుకోం.”

“యాక్టింగే గదవ్వా! మింగకు, ఉమ్మెయ్యి.”

“నోరు యాక్టింగ్ చేస్తదా? ఊరికి కీడొస్తే నీకేంది, కారెక్కి పోతవు. మేం ఈడనే ఉండాలె.”

నా స్క్రిప్టులో ‘ఆదివాసీ ఆచారాలు’ అనే మాట పేజీకోసారి ఉంటది. ఒక్క ఆచారం గురించన్నా ఒక్కరినన్నా అడిగిన్నా? లే! పుస్తకాలు చదివిన గదా, ఇంక మనుషుల్ని అడుగుడెందుకు!

“అక్కా, జల్దీ! లైట్ పోతాంది,” అని రఫీ మొత్తుకుంటుండు. చివరికి వాడే మా వంట సామాన్లు వెతికి, కూరలోకి తెచ్చిన దోసకాయ ఒకటి పట్టుకొచ్చిండు. పసుపుపచ్చగా, నున్నగా ఉంది. “ఎండ వెనక నుంచి పడుతది అక్కా, ఏ పండో ఎవరికి తెలుస్తది?”

ముత్తవ్వ నవ్వింది. “దోసకాయకేంది, తింట.”

యాక్షన్! కసుక్కున కొరికింది. రెండుసార్లు నమిలింది. అంతే! మొహం ముడుచుకపోయింది, కండ్లల్ల నీళ్లు, పెదవులు వణుకుతున్నయి. నా దిక్కు చూసిన చూపుకు నేను కట్ చెప్పుడే మరిచిన. తర్వాత తుపుక్కున ఉమ్మి అందుకున్నది: “నీ సినిమా మన్నువడ! విషం లెక్కుంది! దోసకాయ కోసేముందు చేదు చూస్తరని మీ అమ్మ చెప్పలేదా నీకు?”

చెప్పింది. అప్పుడు నేను పుస్తకం చదువుకుంటున్న.

ఆ షాట్ ఉమ్మే ముందుదాకా ఉంచి, తిట్లు కత్తిరించి సినిమాను ఫెస్టివల్‌కు పంపినం.

ఫెస్టివల్‌కు ముత్తవ్వను గూడ తీసుకపోయిన. సినిమా అయినంక జ్యూరీ పెద్దాయన మైకు అందుకున్నడు. “ఆ ఒక్క కాటులో ఒక జాతి నిర్వాసిత వేదన మొత్తం చూశాను. ఆ హావభావం కోసం ఎంత రీసెర్చ్ చేశారు మేడం?”

నా నోటికి జడిసి నిర్మాతలు ఫోనెత్తరు. అసుంటి నోరు ఏమన్నదో తెలుసా? “ఆరు నెలలు గూడెంలనే ఉన్న సార్.” ఉన్నది తొమ్మిది రోజులు!

చప్పట్లు. ఆయన మైకు ముత్తవ్వకిచ్చిండు. “ఆ క్షణంలో ఏమనిపించిందమ్మా?”

“ఏమనిపిస్తది సారూ? అది మామిడి కాదు, దోసకాయ. చేదుది. ఈమెకు వంట రాదు.”

నేను కుర్చీలో కుంగిపోయిన. పెద్దాయన మెల్లగా లేచి నిలబడ్డడు. “మామిడి స్థానంలో దోసకాయ! ఎంత సాహసోపేతమైన ప్రతీక!”

హాలంతా లేచింది. ‘ఆదివాసీ ఆచారాల ప్రామాణిక చిత్రణ’కు ప్రత్యేక షీల్డు!

తిరుగు బస్సుల ముత్తవ్వ దాన్ని ఒళ్లో పెట్టుకొని అడిగింది. “ఇదెందుకిచ్చిండ్రు?”

“మీ ఆచారం బాగ చూపించిననట.”

“మా ఆచారం నీకెవరు చెప్పిండ్రు?”

“నువ్వే.”

“మరి ఇది నాదే గదా!”

నోరు మూసుకొని ఇచ్చేసిన. నిన్న ఫోన్ చేసి అడిగితే, కోళ్లగంప మీద బరువుకు పెట్టిందట. పిల్లి లాగినా కదలట్లేదంట. నా పదేండ్ల సినిమా బతుకుల ఆ గూడేనికి పనికొచ్చింది అదొక్కటే.