రొట్టె అంచులు, జొన్నరవ్వ

కాగిన నూనెలో జొన్నరవ్వ పడితే వచ్చే వాసన ఇల్లంతా ఒక్కసారిగా లేవదు. ముందు తడిసిన గోనెసంచిలా, తరవాత పెనం మీద మాడబోయి ఆగిన రొట్టెలా, చివరికి వేయించిన పల్లీల్లా మెల్లగా మారుతూ వస్తుంది. మొన్న ఏ.ఎస్. రావు నగర్‌లో మా అమ్మాయి కొనుక్కొచ్చిన పొట్లం మీద ‘మిల్లెట్ క్రంబ్స్’ అని పెద్ద అక్షరాలు, కింద వేయించిన చేపముక్క బొమ్మ, పక్కన ఎందుకో ఒక పచ్చటి ఆకు. చించి అరచేతిలో పోసుకుని చూస్తే జొన్నరవ్వ. “వీళ్ళే కనిపెట్టినట్టు రాసుకున్నారే” అన్నాను. “దీన్లో గ్లూటెన్ ఉండదమ్మా” అంది. మా మామ్మ కట్లెట్లలోనూ ఉండేది కాదు, ఆ ముక్క ఆవిడకు తెలిసుంటే పాస్టరమ్మ నోరు అప్పుడే మూయించేది అన్నాను. నోరున్న మనిషినని ఊరంతా పేరు; ఆ కట్లెట్ల వెనక సంగతి ఒకటి మాత్రం చాలా ఏళ్ళు నా నోట రాలేదు.

మౌలాలి రైల్వే క్వార్టర్లలో మా ఇల్లు వరసలో చివరిది. సాయంత్రం గుట్ట మీద దీపాలు వెలిగే వేళకు మేం తొక్కుడుబిళ్ళ ఆడి ఆడి, కాళ్ళకు అంటిన ఎర్రమట్టితోనే వంటింట్లోకి దూరేవాళ్ళం. నాన్న రైల్వేలో గుమాస్తా. మామ్మ, అంటే నాన్న తల్లి, తాతయ్య పోయాక కృష్ణా జిల్లా నుంచి ఒక ట్రంకుపెట్టె, ఒక బైబిలు, ఒక ఇనప పెనం పట్టుకుని మా దగ్గరికి వచ్చేసింది. సముద్రం లేని ఊళ్ళో చేపలేంటని మొదటివారం ముక్కు చిట్లించి, రెండో శనివారం నాన్న రెజిమెంటల్ బజార్ వైపు నుంచి తడిసిన సంచిలో తెచ్చిన కొరమీనును చూసి మెత్తబడింది. చేపకు ఉప్పూకారం పట్టించి బియ్యపు రవ్వ అద్ది వేయించడం ఆవిడ పుట్టింటి అలవాటు. ఆ రోజు ఇంట్లో రవ్వ లేదు. పక్కింటి సత్తెమ్మ, వాళ్ళాయన పట్టాల మీద గ్యాంగ్‌మన్, రొట్టెలకు పిండి జల్లించుకోగా జల్లెడలో మిగిలిన జొన్నరవ్వ ఒక గిన్నెడు తెచ్చి గడప మీద పెట్టింది.

“గట్క వండుకోను పనికొచ్చేది చాపకు పనికిరాదా పెద్దమ్మా? జెర అద్ది సూడు.”

“మా వైపు జొన్నలు కోళ్ళకేస్తారు సత్తెమ్మా.”

“కోళ్లను మీరు తింటరు గద. గట్లయిన మా జొన్నలు మీ కడుపులకు వచ్చినయే.”

మామ్మ గిన్నె అందుకుని, పెనం పొయ్యి మీద పెట్టింది. ఆ కొరమీను ముక్క పైన కరకరలాడి, లోపల వెన్నలా విడిపోయింది. అప్పట్నుంచి మా వంటిల్లు ఒక ప్రయోగశాల అయింది. వానలు పట్టి బొచ్చె చేప దిగినప్పుడు బియ్యపు రవ్వ, కోడిముక్కలకు రోట్లో దంచిన అటుకులు, చలికి పెదాలు పగిలే రోజుల్లో కాలేయం ముక్కలకు సజ్జపిండి, కట్లెట్లకు ఎప్పుడూ జొన్నరవ్వే. బొంబాయి రవ్వ మాత్రం ఆవిడకు గిట్టేది కాదు, నూనె తగలగానే అలిగి పుట్టింటికి పోయే కోడలిలా ముక్కను వదిలేస్తుందని. ఖీమా, ఉడికించిన బంగాళాదుంప, అల్లం, పచ్చిమిరపకాయ, కొత్తిమీర కలిపి మామ్మ బిళ్ళలు చేసి గుడ్డుసొనలో ముంచి ఇస్తే, న్యూస్‌పేపరు మీద పరిచిన రవ్వలో వాటిని రెండువైపులా అరచేత్తో ఒత్తడం నా పని. గట్టిగా ఒత్తితే మామ్మ తిట్టేది, ఒత్తకపోతే రవ్వ రాలిపోయేది. రెండింటికీ మధ్య ఒక బరువుంది. అది నా చేతికి ఇప్పటికీ తెలుసు.

బ్రెడ్డుపొడి మాత్రం మా ఇంట్లో నిషేధం. ఈ సంగతి కోత పండుగ ముందు ఏటా చర్చిలో తగువై కూచునేది. పంట తొలిఫలాలు దేవుడికిచ్చే పండుగ కదా, ఊళ్ళలో వడ్లబస్తాలు, గుమ్మడికాయలు తెస్తారు; పట్నంలో పంటలెక్కడివి, మా ఆడవాళ్ళు వండి తెచ్చి చర్చి ఆవరణలో అమ్మేవారు. కట్లెట్లు మామ్మ వంతు. నాకు పదేళ్ళప్పుడు, పండుగ ఏర్పాట్ల మాటల్లో పాస్టరమ్మ మెత్తగానే అంది: “ఈసారి బ్రెడ్డుపొడి అద్దండి మామ్మగారూ, రంగు బావుంటుంది. జొన్న కట్లెట్లని పిల్లలు నవ్వుతున్నారు.”

“ప్రభువు బల్ల మీద పెట్టే రొట్టెను నేను నూనెలో వెయ్యనమ్మా” అంది మామ్మ.

ప్రభువు బల్ల అంటే నెలకో ఆదివారం రొట్టె విరిచి అందరికీ పంచే సంస్కారం. ఆ మాటకు ఎవరు ఎదురు చెబుతారు? నోళ్ళు మూతపడ్డాయి గాని నవ్వులు ఆగలేదు, వాటిలో నా స్నేహితురాలి తల్లి నవ్వు నాకు విడిగా వినబడింది. దారంతా నేను మామ్మతో వాదించాను. పాస్టరుగారు ప్రార్థన చేశాకే గదా అది బల్ల రొట్టె అయ్యేది, అంతకుముందు బేకరీ రొట్టే గదా? “ప్రార్థన అయిందో లేదో రొట్టెకేం తెలుస్తుందే, ప్లీడరమ్మా” అని ఆవిడ గొడుగు చంక మార్చుకుంది.

ప్లీడరమ్మ ఊరుకుంటుందా? బల్ల రోజున చర్చి వెనక గదిలో సంఘపెద్దలు బ్రెడ్డు అంచులు కోసేసి, తెల్లటి మధ్యభాగాన్ని చిన్న ముక్కలు చేసేవారు. ఆ గోధుమరంగు అంచులు కాగితంలో చుట్టి కిటికీలో పెట్టేవారు. నాకు ఒక్కసారిగా ఆలోచన తట్టింది. అంచులు బల్ల ఎక్కవు. ప్రార్థనకు ముందే వేరైపోతాయి. వాటి మీద మామ్మ వాదన చెల్లదు. ఆరాధన అవుతుండగా నీళ్ళకని లేచివెళ్ళి, అంచులన్నీ గౌను జేబుల్లోకి వంపుకుని, కాగితాన్ని ఉన్న మడతల్లోనే మడిచి కిటికీలో పెట్టొచ్చాను. మూడు రోజులు సత్తెమ్మ వాళ్ళ రేకుల మీద ఎండబెట్టి, రోట్లో దంచి, పండుగనాటి ఉదయం మామ్మ స్నానానికి వెళ్ళినప్పుడు జొన్నరవ్వలో కలిపేశాను.

మొదటి వాయి నూనెలో దిగిన కాసేపటికే బయటపడిపోయింది. జొన్నరవ్వ నింపాదిగా ఎర్రబడుతుంది. బ్రెడ్డుకు ఆ ఓపిక లేదు. బిళ్ళల మీద నల్లటి మచ్చలు లేచాయి. మామ్మ ఒకదాన్ని తీసి, తుంచి, వాసన చూసి, పొయ్యి ఆర్పేసింది.

“ఏవిటే ఇది?”

నేను నా వాదన మొత్తం వినిపించాను. సిగ్గులేకుండా చెబుతున్నాను, గర్వంగానే వినిపించాను. అంచులు బల్ల ఎక్కవు మామ్మా, అన్నాను.

మామ్మ పీట మీద కూచుని, గిన్నెలో మిగిలిన రవ్వను వేళ్ళతో కదుపుతూ అంది. “బల్ల ఎక్కవు, సరే. ఎవరి నోట్లోకి వెళ్తాయో అడిగావా? మా నాన్న మా ఊళ్ళో చర్చి కావలివాడే. గంట కొట్టి, గది ఊడిస్తే ఆ అంచులు మాకిచ్చేవారు. రొట్టె రుచి ఎలా ఉంటుందో నాకూ మా చెల్లికీ నెలకోసారి, అంచుల్లోనే తెలుసు. దాన్ని పొడిచేసి మాంసానికి పులమమంటే నాకు చెయ్యాడదే. ఈ మాట ఆ ఆడాళ్ళ ముందు చెప్పుకుంటానా? బల్ల పేరెత్తితే ఎవరూ మారు అడగరు.”

ఇక్కడ చర్చి కావలి ఇమ్మానుయేలు. ఆయన కూతురు రూతు నాకంటే ఏడాది చిన్న, ఆదివారం బడిలో నా పక్కనే కూచునేది. ఆ కాగితం పొట్లం ఎవరి కోసం కిటికీలో ఉండేదో నేను ఏనాడూ ఆలోచించలేదు.

మామ్మ మచ్చలు పడ్డ కట్లెట్లన్నీ పళ్ళెంలో సర్ది, “వాళ్ళ అంచులు వాళ్ళకే చేరాలి. చేసింది చెప్పి, ఇచ్చి రా” అంది. మిగతా వాటికి సత్తెమ్మ దగ్గర కొత్త రవ్వ అడిగి తెచ్చుకుంది.

చర్చి వెనక ఒంటిగది ముందు రూతు గిన్నెలు తోముతోంది. పళ్ళెం చూసి చేతులు గౌనుకు తుడుచుకుంది. “ఈసారి మాకు అంచులు రాలే అక్కా. ఎలకలు తిన్నయంట, మా నాయిన చెప్పిండు” అంది. నేను సిద్ధం చేసుకున్న వాక్యం పక్కన పెట్టి, పళ్ళెం తన చేతికిచ్చాను. “ఎలకలు ఎక్కువయ్యాయి” అన్నాను. ఇంటికొచ్చి మామ్మతో “చెప్పేశాను” అన్నాను. మామ్మ నా ముఖంలోకి చూసి, వాయి తిప్పింది. ఆ తరవాత ఏ పండుగకు కట్లెట్లు చేసినా మొదటి పళ్ళెం రూతు వాళ్ళింటికి నా చేతే పంపేది. ప్రతిసారీ చెప్పడానికి నాకొక అవకాశం ఇస్తోందని మామ్మ పోయాక గాని నాకు తట్టలేదు.

మా చర్చిలో ఇప్పుడు బ్రెడ్డు లేదు. కంపెనీలో తయారైన గుండ్రటి తెల్లటి బిళ్ళలు డబ్బాల్లో వస్తాయి. కోయనక్కర్లేదు, పొడి రాలదు, ఏదీ మిగలదు. ఆ మార్పు మీద కమిటీలో నేను గంటసేపు పోట్లాడాను. శుభ్రత అన్నారు, సౌకర్యం అన్నారు, అన్నింటికీ సమాధానం చెప్పాను, బ్రెడ్డే ఎందుకు కావాలో ఆ ఒక్కటీ చెప్పలేక ఓడిపోయాను. స్కూలు టీచరయిన రూతు రెండో వరసలో కూచుని అంతా విన్నది.

మొన్న ఆ పొట్లంలోని రవ్వతో కట్లెట్లు చేసి, డబ్బాలో పెట్టుకుని రూతు ఇంటికి వెళ్ళాను. కుర్చీలో సరిగా కూచోకముందే చెప్పేశాను. రూతు మూత తీసి ఒకటి కొరికి, నింపాదిగా నమిలింది.

“తెలుసక్కా. ఆ కాగితం నాలుగు మడతలు పెట్టి కిటికీల ఉండె. ఎలకలు తిని మడతలు పెడ్తయా? నువ్వు తెచ్చిన కట్లెట్లల ఆ అంచుల రుచే ఉండె.”

“మరి ఇన్నేళ్ళూ అడగలేదేం?”

“అడిగితే నువ్వు మళ్ల కట్లెట్లు తెస్తవో తేవో అని” అంది, రెండోది అందుకుంటూ. “మీ మామ్మ రవ్వ ఇంత సన్నగ ఉండకపోతుండె.”