అక్క చేసిన మార్పు

ఆఫీసులో ఆవిడను అందరూ అక్క అనే పిలుస్తారు, వయసులో పెద్దవాళ్లతో సహా. ఫోన్లో వీడియోలు చూపించే యాప్ వాళ్లది. ఒకటి చూశాక తర్వాత ఏది చూపించాలో తేల్చే ప్రోగ్రాము ఆవిడ టీము రాసిందే.

భర్త టైలరు. ముందుగదిలో మిషను, పక్కనే దారపు ఉండలకు ఆనించిన ఫోను. ఒకప్పుడు హాస్యనాటికలు పెట్టుకుని, నవ్వు ఆపుకోలేక కుట్టు వంకరపోతే మళ్లీ విప్పుకునేవాడు. ఒకరోజు ఎవరో నీళ్లలో మునిగిపోయిన వీడియో చివరిదాకా చూశాడు. యాప్ అలాంటివే మరికొన్ని తెచ్చిపెట్టింది. అవీ చూశాడు. ఆఖరికి కూతుర్ని ఈత క్లాసు మాన్పించాడు. పిల్ల ఈదుతుంటే గట్టు మీద నిలబడి చప్పట్లు కొట్టిన మనిషే.

"ఆఫీసులో కూర్చుంటావు, బయట ఏం జరుగుతోందో నీకేం తెలుసు?" అన్నాడు. ఆ బయటను ఆయనకు చూపిస్తున్నది తన టీమేనని ఆవిడకు తెలుసు.

టీములోనూ అప్పటికే ఎవరికీ పని మీద మనసు లేదు. పొద్దున మీటింగులో పొడిపొడిగా నాలుగు మాటలు చెప్పి లేచిపోయేవాళ్లు. అక్క ఒక మార్పు చెప్పింది: భయపెట్టేవి వరసగా రాకుండా, మధ్యమధ్య ఆ మనిషి పాత ఇష్టాలు కలపాలి. ముందు కొంతమంది ఫోన్లలోనే పెట్టి చూద్దామనుకున్నారు. టీముకు ప్రాణం లేచొచ్చింది. మధ్యాహ్నాలు మళ్లీ కలిసి తిన్నారు.

"ఇది పనిచేస్తే మా అత్తగారు దొంగల వీడియోలు మాని నన్ను నమ్ముతుందక్కా," అన్నాడొకడు.

చేయకూడదని తెలిసీ, అక్క తన భర్త ఫోనును కూడా వాటిలో కలిపేసింది.

కొన్నాళ్లకు లెక్క తేలింది. మార్పు అందుకున్నవాళ్లు యాప్ చూడటం తగ్గించారు. మేనేజరు తీసేయమన్నాడు. ఇంకొంచెం ఆగితే పాత ఇష్టాలు తిరిగొస్తాయని ఆవిడ బతిమాలింది.

"వాళ్లకు నచ్చేది ఆ భయపెట్టేవే అక్కా," అన్నాడు మేనేజరు. " కాదనడానికి మనమెవరం?"

కనీసం ఒక్కరైనా మారి ఉంటారన్న ఆశతో ఇంటికి వెళ్లి భర్తనే అడిగింది.

"ఫోను పాడైనట్టుంది," అన్నాడాయన. "ఎప్పటివో నాటికలు వస్తున్నాయి. వద్దని నొక్కీ నొక్కీ వేలు అరిగిపోతోంది."

"మీకవి ఇష్టం కదండీ?"

ఆయన మిషను ఆపి నిజంగానే ఆలోచించాడు. "ఏమో. నవ్వు రావట్లేదు."

మర్నాడు ఆ మార్పును ఆవిడే తీసేసింది. టీములో ఎవరూ వాదించలేదు. ఇద్దరు వేరే ఉద్యోగాలు వెతుక్కుంటున్నారని తెలిసినా ఆవిడ ఆగమనలేదు. సాయంత్రం ఈత క్లాసు నుంచి ఫోను వచ్చింది, పాప చోటు ఇంకొకరికి ఇవ్వొచ్చా అని. ఇచ్చేయమంది.