ఇక్కడ ఏమిస్తున్నారు?

క్యూలో నిలబడ్డప్పుడల్లా ఆ పెద్దాయన గుర్తొస్తాడు.

సౌదీలోని అల్ ఖర్జ్‌లో రియాద్ బస్సు కోసం నిలబడి ఉన్నాం. ఆయన గబగబా వచ్చి నా వెనక చేరి, వచ్చీరాని హిందీలో అడిగాడు. "భాయ్, ఇక్కడ ఏమిస్తున్నారు?"

"ఏమీ ఇవ్వట్లేదు చాచా. బస్సు కోసం నిలబడ్డాం."

ఆయన నవ్వేశాడు. పుట్టింది సోవియట్ యూనియన్‌లోనట, ఇక్కడి డెయిరీలో పశువుల డాక్టరట.

"మా దేశం కూలిపోయే రోజుల్లో దుకాణాలన్నీ ఖాళీ. క్యూ కనిపిస్తే చాలు, ముందు నిలబడేవాళ్లం. ఏమిస్తున్నారో తర్వాత అడిగేవాళ్లం. ఆ అలవాటింకా పోలేదు."

ఆ దేశం నాకూ తెలుసన్నాను. చిన్నప్పుడు జగిత్యాలలో మా నాన్న సోవియట్ పత్రిక తెప్పించేవాడు. చదవడం అయ్యాక ఆ నున్నటి కాగితాలతో పుస్తకాలకు అట్టలు వేసుకునేవాళ్లం. నా లెక్కల పుస్తకం మీద కనుచూపుమేర గోధుమ చేను ఉండేది. దాన్ని చూస్తూనే ఎక్కాలు నేర్చుకున్నాను.

"పంట బాగుండేదా?" అని అడిగాడు.

"బంగారంలా ఉండేది చాచా."



"మేం రొట్టె కోసం పొద్దంతా నిలబడేవాళ్లం," అన్నాడు మెల్లగా. "అయితే ఆ గోధుమలన్నీ మీ ఇంటికొచ్చాయన్నమాట."