పీత జీమ్స్ ఓడిపోయిన పద్యాలు

పీత జీమ్స్ నోటి నుంచి ఒక మంచిమాట రావడం స్కార్వీ రేవులో ఎవరూ వినలేదు. ఆయన తిడతాడు. ఊరికే తిట్టడంలో విశేషం లేదు, ఆ పని రేవులో ప్రతివాడూ చేస్తాడు. జీమ్స్ పద్యం కట్టి తిడతాడు. అదీ బళ్ళో బెత్తం చూపించి నేర్పిన ఇంగ్లీషులో కాదు, ఉగ్గుపాలతో వచ్చిన స్కాట్స్ మాటలో. ఒకప్పుడు రాజుగారి కొలువులో కవులు ఎదురెదురుగా నిలబడి, ఒకరి వంశాన్నొకరు పద్యాల్లో ఉతికి ఆరేసిన దేశం అది. రాజులు పోయారు, కొలువులు పోయాయి, జీమ్స్ మిగిలాడు.

ఆ ఊళ్ళో సగం మంది ఇంటిపేరు వాట్, మిగతా సగం మందిది మెయిర్. “జీమ్స్ వాట్!” అని రేవులో కేకేస్తే ఒక పడవ నడపడానికి సరిపడా మగవాళ్ళు తిరిగి చూస్తారు. అందుకని అందరికీ మారుపేర్లుంటాయి. దేన్ని పట్టుకున్నా విడిచిపెట్టడు గనక ఈయన పీత.

ఆయన తిట్టు మహిమ మామూలుది కాదు. ఒకసారి నడిసముద్రంలో పడవ ఇంజను మొరాయిస్తే జీమ్స్ దాని ముందు కూర్చుని నాలుగు పాదాలు చదివాడట. ఇంజను సిగ్గుతో రాజుకుని, నార్వే ఒడ్డు తగిలేదాకా ఆగలేదు. ఇంకోసారి తన టోపీ మీద రెట్ట వేసిన సముద్రపు కాకికి ఒక్క చరణం వినిపిస్తే, అది గాల్లోనే వెనక్కి తిరిగి క్షమాపణగా ఒక చేపను జారవిడిచి పోయింది. నమ్మనివాళ్ళు స్కార్వీ వెళ్ళి ఏ కాకినైనా అడగవచ్చు.

తిట్టుకి ఆ ఊళ్ళో ఒక పద్ధతి ఉంది. రేవులో ఉప్పుకొట్టు తలుపు మీద సుద్దతో పద్యం రాయాలి. తిట్టు తిన్నవాళ్ళు వేట కాలం ముగిశాక జరిగే హెర్రింగు చేపల విందులో జనం ముందు చేపలపెట్టె ఎక్కి జవాబు చెప్పాలి. ఆ జవాబు మీద మళ్ళీ ఒక వంతు రాసినవాళ్ళది. ఆఖరికి ఊరు బూటుకాళ్ళతో నేల తన్ని గెలుపెవరిదో తేలుస్తుంది. గెలిచినవాళ్ళు వెళ్ళి తలుపు తుడుచుకోవచ్చు. జవాబు చెప్పలేకపోతే మాత్రం సుద్ద మీద తారు పూస్తారు. ఇక ఏడాది పొడుగునా వచ్చే పోయే పడవలన్నీ ఆ పద్యాన్ని చదువుకుంటూ పోతాయి.

“అబెర్డీన్ నుంచి షెట్లాండ్ దాకా నాకు సాటొచ్చే నోరు లేదు,” అంటాడు జీమ్స్. అన్నంతసేపూ ఛాతీ పడవ తెరచాపలా ఉబ్బుతుంది. చిక్కల్లా ఒకటే. ఆయన ఒక్క విందులోనూ గెలిచిన పాపాన పోలేదు.

ఎడింబరో నుంచి వచ్చిన పాస్టరు ఫార్కర్ గారు ప్రసంగం మధ్యలో తన గొంతు తనకే వినపడక ఆగిపోయేంత పిరికివాడు. జీమ్స్ ఆయన ప్రసంగాల మీద పద్యం రాశాడు. అవి వింటూ చర్చి గంట కూడా నిద్రపోయిందనీ, దాని గురకకి ఆవలి ఊరివాళ్ళు లేచారనీ. పాస్టరు గారు విందులో పెట్టె ఎక్కి, ఊళ్ళో మాటలోనే, ‘గురక పెట్టింది గంట కాదు, ముందు బల్ల మీది పీత’ అని నాలుగు పాదాల్లో తేల్చేశారు. ఆ తర్వాతి ఆదివారం నుంచి చర్చిలో కూర్చోడానికి చోటు లేదు. “గొంతులో ముల్లు అడ్డం పడిపోనాది, లేకపోతేనా!” అన్నాడు జీమ్స్.

రొట్టెల బెత్తీ పొయ్యి కూలిపోయి, ఆమె దిగులుతో దుప్పటి ముసుగేసుకుని పడుకుంటే, ఊరంతా చప్పుడు కాకుండా సూపు గిన్నెలు గుమ్మంలో పెట్టి పోయింది. జీమ్స్ మాత్రం ఆమె రొట్టెలతో రేవుగోడ కడితే తుపానులు ఆగుతాయని తలుపు మీద రాశాడు. బెత్తీ విందు దాకా కూడా ఆగలేదు. రాత్రి గౌను మీదే అప్పడాలకర్రతో వీధిలోకి వచ్చి జవాబు చెప్పింది. “ఎడం బూటు కరిసీసింది. బూటు కరిస్తే పద్యం ఎలాగొస్తాది?” అన్నాడు జీమ్స్. బెత్తీ మర్నాడే కొత్త పొయ్యికి ఇటుకలు పేర్పించింది.

ఇక ఎల్స్‌పెట్ మెయిర్ సంగతి. ఆమె పుట్టింది స్కార్వీలోనే. చిన్నప్పుడు బళ్ళో ఇంటి మాట నోరుజారిన ప్రతిసారీ పంతులమ్మ తోలుపట్టీతో అరచేతులు వాయించింది. ఎల్స్‌పెట్ తెలివైన పిల్ల. ఆ మాటను మింగేసి, ఎడింబరో వెళ్ళి, గొప్పింట్లో పనివాళ్ళ మీద పెత్తనం చేసి, జుట్టు నెరిశాక తిరిగి వచ్చింది. జెస్సీ అత్త పోతూ పోతూ తన పొగకొట్టు ఆమెకి రాసిచ్చింది మరి. హాడక్ చేపను ఓక్ పొట్టు పొగలో బంగారం రంగు వచ్చేదాకా వేలాడదీసే కొట్టు అది.

చేప అత్తయ్య చేపే, పొగ అత్తయ్య పొగే. మాట మాత్రం అత్తయ్యది కాదు. గుమ్మంలోకి ఎవరైనా రాగానే ఎల్స్‌పెట్, “శుభోదయము. తమకేమి కావలెను?” అనేది. వచ్చిన జాలరి టోపీ తీసి, బూట్లకేసి చూసుకుని, తనకేం కావాలో మరిచిపోయి వెళ్ళిపోయేవాడు. జనం పక్క ఊరి బండి దగ్గర చేప కొనడం మొదలుపెట్టారు. చెడ్డబుద్ధితో కాదు, భయంతో. ఎల్స్‌పెట్‌కి అది ఇంకోలా అర్థమైంది. ఈ ఊరికి తను అక్కర్లేదనుకుంది. వేసవి విడిది కోసం ఇల్లు వెతుక్కుంటున్న ఎడింబరో పెద్దమనిషికి కొట్టు ఇచ్చేస్తాననీ, విందు అయిన సోమవారం తాళాలు పట్టుకెళ్ళమనీ కబురు పంపింది. ఊరికి తెలిసింది. ఊరు జాలిగా తల వంచుకుంది. ఆ వారమే ఉప్పుకొట్టు తలుపు మీద పద్యం వెలిసింది:

“ఎల్స్‌పెట్టమ్మ పొగసేప ఎంత మెత్తనంటారు?
కోసినోళ్ళు కత్తి ఇరిగి కొలిమికాడ ఉన్నారు!
కొనుక్కెల్లిన పిల్లి మొన్న కొట్టుకొచ్చి తిరిగిచ్చె,
సిల్లు పడ్డ పడవవోడు సెక్క బదులు బిగించె!”

చదవగానే ఎల్స్‌పెట్ చెవులు ఎర్రబడ్డాయి. ఊరు వదిలిపోయేదానికి తలుపు మీద ఏముంటేనేం? కానీ పొగ అత్తయ్యది. అత్తయ్య చేప మీద తారు పూస్తారా? టోపీ సర్దుకుని, చేతితొడుగులు వేసుకుని, తిన్నగా జీమ్స్ గుమ్మంలోకి వెళ్ళి నిలబడింది.

“జీమ్స్ గారూ, తమరు వ్రాసిన పద్యము మిక్కిలి అభ్యంతరకరముగా నున్నది.”

వల బాగుచేసుకుంటున్న జీమ్స్ తలెత్తాడు. “ఏటమ్మీ, ఎవులైనా సచ్చిపోనారేటి? ప్రార్థన సదువుతున్నావు?”

“దానిని తక్షణమే తుడిచివేయవలెనని కోరుచున్నాను.”

“తుడవడానికి నానెవుణ్ణి? జవాబు సెప్పినోళ్ళే తుడాల. ఆచారం.”

“నాకు పద్యములు రావు.”

“రాకపోతే దిగులేల? తారు డబ్బా నిండుగా ఉన్నాది. మీ అత్త బతికుంటే మాత్రం ఈ పాటికి నా వల సింపీసును. ఆ జెస్సీ సేపలు కూడా మెత్తగా ఉండేవి కాదనుకో...”

“తమరు... తమరు మిక్కిలి...” ఎల్స్‌పెట్ ఎడింబరో ఇంగ్లీషంతా గాలించింది. ఈ ముసలాడికి సరిపోయే మాట అందులో ఒక్కటీ దొరకలేదు. లోపల ఎక్కడో కట్ట తెగింది. “నీ మొకానికి మా అత్త సేపకి వొంక పెడతావేట్రా ముసిలి పీతా! నీ గెడ్డంలో గూడెట్టిన పురుగులడుగు, అయ్యి సెప్తాయి నువ్వెంత మెత్తనోడివో!”

అనేసి, గబుక్కున చెయ్యి వెనక్కి లాక్కుంది, ఎవరో కొట్టబోతున్నట్టు. ఎవరూ కొట్టలేదు. జీమ్స్ సూదిలోకి దారం ఎక్కిస్తున్నాడు.

“ఇది పద్యం కాదు. పాదం కుదరలేదు,” అన్నాడు. “శనోరం కుదుర్చుకునొచ్చీ.”

శనివారం మధ్యాహ్నం హాలు కిక్కిరిసింది. ఓట్స్ పిండిలో దొర్లించి వేయించిన హెర్రింగు, బంగాళాదుంపలు, మరిగి మరిగి తారు రంగుకొచ్చిన టీ. జీమ్స్ పెట్టె ఎక్కి తన పద్యం పాడాడు. జనం నవ్వబోయి, ఎల్స్‌పెట్‌కేసి చూసి, నవ్వును టీతో మింగేశారు. ఆమె లేచింది. పెట్టె ఎక్కింది. నోరు తెరిచింది. మాట రాలేదు. పాస్టరు గారు కళ్ళు మూసుకున్నారు, ప్రార్థనకో భయానికో. మూల తారు డబ్బా దగ్గరున్నవాడు దాన్ని మెల్లిగా కాలితో బల్ల కిందికి తోశాడు.

“అయిపోనాదా?” అన్నాడు జీమ్స్ ఆవలిస్తూ. “అమ్మీకి దొరసాని జొరమొచ్చినట్టుంది. ఎవులైనా గొడుగు పట్టండి!”

“నీకే పడతాను రా గొడుగు!” అంది ఎల్స్‌పెట్. అంతే, గొంతు తెరుచుకుంది:

“పీత తాత పద్యమెల్తే పీతలాగె పక్కకి,
తల పంపితె రేవుకెల్లె, తోక సిక్కె కుక్కకి!
నా సేపకి కత్తిరిగిందని నాలుగూళ్ళు సాటాలా?
పళ్ళే లేని నోటితోటి సేప గొప్ప సూడాలా?”

నేల అదిరింది. గోడకున్న గడియారం ఆగిపోయింది, అటక మీది ఎలుకలు ఊరు ఖాళీ చేశాయి. ఎల్స్‌పెట్ చెయ్యెత్తింది. ఈసారి నెమ్మదిగా, తనలో తాను చెప్పుకుంటున్నట్టు చెప్పింది:

“పంతులమ్మ పట్టీ పెట్టి బాదినా మా అమ్మ మాట
పొగలోనున్న సేపలాగ సెడిపోకుండా ఉన్నాదంట!”

ఆ హాల్లో సగం మంది అరచేతులకి ఆ పట్టీ తెలుసు. తర్వాత లేచిన మోతకి రేవులో పడవలు తాళ్ళు తెంపుకున్నాయని చెబుతారు. జీమ్స్‌కి ఇంకో వంతు ఉంది. అందరూ ఆయనకేసి తిరిగారు. ఆయన పెట్టె ఎక్కి నోరు తెరిచాడు, మూశాడు, దిగాడు.

“కిటికీ ఎవులు తెరిసినారు? గాలి పద్యాన్ని ఎత్తుకుపోనాది!”

మర్నాడు ఉదయం ఎల్స్‌పెట్ తడిగుడ్డ పట్టుకుని తలుపు తుడవడానికి వెళ్ళింది. కొట్టు వెనక నుంచి గొంతు వినిపించింది. జీమ్స్ చేపల తలలు విసురుతూ సముద్రపు కాకికి పద్యం చెబుతున్నాడు:

“అమ్మ మాట పొగన పెట్టి అటక మీద దాసినావె,
ఆకలైనోళ్ళొచ్చినపుడు అంగడెందుకు మూసినావె?”

ఎల్స్‌పెట్ చేతిలో గుడ్డ నుంచి నీళ్ళు బూటు మీద కారాయి. అది తన పద్యానికి జవాబు. నిన్న ఇది హాల్లో పడి ఉంటే ఆమె పెట్టె మీదే కుప్పకూలి ఉండేది. సోమవారం దాకా కూడా ఊళ్ళో నిలవగలిగేది కాదు. కాకి కూడా చేప తినడం మానేసి చూస్తోంది.

ఆమె మలుపు తిరిగి ఎదురుగా నిలబడింది. “తాతా, ఇది నిన్న ఎందుకు సెప్పలేదు?”

జీమ్స్ దొరికిపోయిన దొంగలా అదిరిపడ్డాడు. “ఏది? ఇదా? ఇది... ఇది ఇప్పుడే పుట్టీసింది.”

“కిటికీలు నిన్న అన్నీ మూసే ఉన్నాయి.”

“అయితే తలుపులోంచి వొచ్చుంటాది గాలి! ఏటి, గెలిసినాక కూడా ఈ పోలీసు ఎంక్వైరీ ఏటి నాకు? తుడుసుకుని పో!”

ఎల్స్‌పెట్ తుడుచుకుని పోయింది. మధ్యాహ్నానికల్లా ఎడింబరో పెద్దమనిషికి, కొట్టు ఇవ్వడం లేదని టెలిఫోను చేసింది. ఆయన కారణం అడిగితే ఊళ్ళో మాటలోనే చెప్పింది. ఆయనకి ఒక్క ముక్క అర్థం కాకపోయినా చాలా గట్టి కారణమని మాత్రం అర్థమైంది.

సోమవారం పొగకొట్టు ముందు వరస కట్టారు. ప్రతివాడి చేతిలో కత్తి! విరుగుతుందో లేదో చూడాలట. “రండి బావా, ఇరిగితే కొత్తది నాను కొనను, ముందే సెప్తన్నాను,” అంటూ ఎల్స్‌పెట్ చేపలు తూస్తోంది. వరస తగ్గాక బెత్తీనీ పాస్టరు గారినీ పక్కకి పిలిచి గొంతు తగ్గించింది.

“మీకో సంగతి సెప్తాను, ఎవులికీ అనకండి. ఆ ముసిలోడు కావాలని ఓడిపోతన్నాడు.”

బెత్తీ చుట్టూ చూసింది. “ఒలమ్మా, నీకూ తెలిసిపోనాదా? నాకొక్కదానికే తెలుసనుకున్నాను. అప్పుడు నా మీద ఆడి రెండో పద్యం గోడవతల ఆడి కుక్కకి సెప్తంటే ఇన్నాను.”

పాస్టరు గారు దగ్గారు. “నేను విన్నది ఆయన పడవలో. చుక్కానికి చెబుతున్నాడు.”

వరస చివర కత్తి పట్టుకుని నిలబడ్డ పడవల మేస్త్రీ కూడా నేల చూపులు చూశాడు. “కరవలేదని నాకు ఆడి బూటే సెప్పింది,” అని గొణిగాడు. చూడబోతే ఊరు ఊరంతా ఎవరికి వారే ఆ రహస్యాన్ని గుండెల్లో దాచుకుని, ప్రతి ఏడూ బూటుకాళ్ళు తన్ని ఆయన్ని నమ్మకంగా ఓడిస్తోంది.

అంతలో గుమ్మంలోకి జీమ్స్ వచ్చాడు. నలుగురూ ఒక్కసారిగా దగ్గారు.

“వొచ్చే ఏడు ముల్లూ బూటూ గాలీ సూసుకునొస్తాను,” అన్నాడు జీమ్స్. “సూస్తారుగా నా తడాఖా.”

“ఈసారి గెలుపు నీదే తాతా,” అన్నారు పాస్టరు గారు, మొహంలో ఒక్క కండ కదలనివ్వకుండా.

జీమ్స్ అప్పటికే కిటికీలోంచి రేవుకేసి చూస్తున్నాడు. కిందటి వారమే బదిలీ మీద వచ్చిన కుర్ర పోలీసు రేవుగోడ మీద ఒక్కడే కూర్చుని, పలకరించే దిక్కులేక తన టీ తాను చల్లార్చుకుంటున్నాడు.

“కొత్త పోలీసు నెత్తి మీద కోడిపెట్ట గూడు...” అని మొదలుపెట్టి, జీమ్స్ రెండో పాదం కోసం గడ్డం గోక్కున్నాడు.

ఎల్స్‌పెట్ చేప పొట్లం కడుతూ, తలెత్తకుండానే అందించింది:

“గుడ్డెట్టీసి పోయినా గాని నోరు మెదపనోడు!”