ఓటు పడేదాకా

శిద్దూ ఖోత్‌కి ఉన్నది ఒక్కటే గేదె. పేరు చిమణి, అంటే పిచ్చుక. ఆ పిచ్చుక వాకిట్లోకొచ్చి నిలబడితే ఇంట్లో దీపం పెట్టుకోవాల్సొచ్చేది. శిద్దూ తప్ప ఎవరు దగ్గరికెళ్ళినా కాలు ఝాడించేది. అది ఈనాల్సిన నెలలోనే జిల్లా పాల సంఘం ఎన్నికలొచ్చాయి.

కొల్హాపూర్ పక్క ఊళ్ళలో, ఊరి పాలసంఘం తరఫున ఒక్కడే వెళ్ళి జిల్లా సంఘానికి ఓటేస్తాడు. ఆ ఏడు వంతు శిద్దూది. అవతలి వర్గం కొనేస్తుందని, ఓటున్నవాణ్ణి ఇంట్లో ఉండనిచ్చే అలవాటు అక్కడ లేదు. పోటీలో ఉన్న ఒక వర్గం నాయకుడు సంపత్ దాదా జీపేసుకొచ్చి, గుప్పిట్లో బండారు, అంటే దేవుడి పసుపు, పోసి ప్రమాణం చేయించాడు. "ఓటు పడేదాకా ఇంటి గడప తొక్కను" అన్నాడు శిద్దూ. నాలుగు రోజుల ముచ్చటే కదా అనుకున్నాడు.

"మరి చిమణి?" అంది భార్య హౌసాబాయి.

"నా కంబళి కప్పుకుని వెళ్ళు. నేనే అనుకుంటుంది."

"ఆ కంపుకి నాకే నిన్ను తన్నాలనిపిస్తుంది, అది ఊరుకుంటుందా?"

దాదా పోగేసిన ఓటర్లందరికీ మాల్వణ్ తీరంలో బస. అక్కడి మాంసం పులుసు ఘాటుకి సముద్రమే రెండడుగులు వెనక్కి జరిగిందంటారు. పోలింగు రేపనగా హైకోర్టు ఆపమంది. జాబితాలో చచ్చినవాళ్ళ పేర్లున్నాయని ఎవరో కేసు వేశారు. వాయిదా పడింది. మళ్ళీ పడింది. తోటి ఓటరు బావడేకర్ మామకి పొట్ట పెరిగి, తొడుక్కొచ్చిన చొక్కా భుజం మీద తువ్వాలయింది.

హౌసాబాయి ఫోన్ చేసింది. "దూడ అడ్డం తిరిగిందయ్యా. డాక్టర్ని గోడకేసి కొట్టింది. నువ్వొస్తేనే లొంగుతుంది."

"దాదా, ఒక్క పూట పోయొస్తా."

"నేను కట్టేశానా శిద్దూ మామా? గేటు తీసే ఉంది. ఏ దేవుడి బండారు పట్టి ఒట్టేశావో ఆ దేవుడికి చెప్పుకుని పో."

శిద్దూ గేటు దాకా వెళ్ళాడు. పసుపు ఎప్పుడో కడుక్కుపోయిన అరచెయ్యి చూసుకున్నాడు. వెనక్కొచ్చి మంచమ్మీద కూర్చున్నాడు.

సాయంత్రం మళ్ళీ ఫోన్ మోగింది. "రెండూ పోయాయి" అంది హౌసాబాయి.

నెలలు గడిచాక, చివరికి కోర్టు కనికరించింది. రిటైరైన జడ్జీ పర్యవేక్షణ, గుమ్మానికో కెమెరా, అడుగడుగునా పోలీసులు. జాబితా కూడా కడిగేశారు. పాలు పోయడం మానేసినవాళ్ళ పేర్లన్నీ కొట్టేశారు.

"మీ పేరు లేదు బాబాయ్" అన్నాడు పోలింగు అధికారి.

"ఈ ఓటు కోసమే కదయ్యా ఇన్నాళ్ళూ అక్కడ కూర్చున్నా. నేనుంటే గేదె బతికేది. గేదె బతికుంటే పాలు పోసేవాణ్ణి."

"కోర్టు ఉత్తర్వు. ఈసారి అంతా పద్ధతిగా జరగాలి. పక్కకి జరగండి."

అంతా పద్ధతిగానే జరిగింది. సంపత్ దాదా మనుషులే గెలిచారు. శిద్దూ బస్సెక్కి ఊరొచ్చేసరికి వాన పట్టుకుంది. ఇంటి గడప బయటే ఆగిపోయాడు.

"లోపలికి రావయ్యా, తడుస్తున్నావు" అంది హౌసాబాయి.

"ఓటు పడలేదే."

ఆమె తిట్టింది, ఏడ్చింది, చెయ్యి పట్టుకుని లాగింది. అతను కదల్లేదు. ఇంక లాగే ఓపిక లేక ఆమె రొట్టె, పచ్చికారం కంచంలో పెట్టి, ఖాళీ కొట్టంలోకి పట్టుకెళ్ళింది. శిద్దూ వెనకే వెళ్ళి, చిమణి పడుకునే చోట కూర్చుని తినసాగాడు.