ఊపిరితిత్తుల్లో పైపుల పొడి

జమ్మలమడుగులో మా చెల్లెలి ఇంటి మేడమెట్లు ఎక్కుతూ మధ్యలో ఆగిపోయాను. చేతిలో ఉన్నది తడిబట్టల బకెట్టు, అంతే. ఊపిరి అందలేదు. మెట్టు మీదే కూర్చున్నాను. వెనక వస్తున్న చెల్లెలు, "ఏందక్కా, ఇట్ల రొప్పుతాండావు?" అంది. ఎండకని చెప్పాను. అప్పటికే పొడిదగ్గు మొదలై రెండు నెలలైంది.

మాది ప్రొద్దుటూరు. ఇంటి వెనక షెడ్డులో మాకొక గ్రైండింగ్ మిషన్ ఉండేది. పులివెందుల, లింగాల తోటల్లో పాడైన డ్రిప్ పైపులు, మడుల మీద పరిచే ప్లాస్టిక్ మల్చింగ్ షీట్లు మా ఆయన ట్రాలీ ఆటోలో తెచ్చేవాడు. వాటిని కడిగి, మిషన్లో వేసి, తునకలు చేసి ఫ్యాక్టరీకి పంపేవాళ్లం. పైపులు మిషన్లో పెట్టేది, తునకలు గోతాలకెత్తేది, షెడ్డు చిమ్మేది నేను. తొమ్మిదేళ్లు. సాయంత్రానికి నా రెప్పల మీద నల్లటి పొడి ఉండేది. కడుక్కుంటే పోయేది.

ప్రొద్దుటూరులో డాక్టరు అలర్జీ అని ఇన్‌హేలర్ ఇచ్చాడు. తగ్గలేదు. టీబీ అనుమానంతో కళ్లె టెస్టు చేయించారు, నెగటివ్ వచ్చింది. అట్లే ఎనిమిది నెలలు గడిచాయి, బరువు తగ్గాను. చివరికి ఎక్స్‌రే చూసి తిరుపతి పొమ్మన్నారు.

అక్కడ సీటీ స్కాన్, గొట్టంలోకి ఊపిరి ఊదించే పీఎఫ్‌టీ అయ్యాక డాక్టరమ్మ అడిగింది: "మీరేం పని చేస్తారమ్మా?"

"ఇంట్లోనే ఉంటా మేడం," అన్నాను. అబద్ధం చెప్పాలని కాదు. మిషన్ మా ఆయనది, నేను చేసేది ఇంటిపనిలో ఒక పని అనే అనుకునేదాన్ని.

మా ఆయన తల వంచుకుని, "ఆమె లేకుంటే మా మిషన్ తిరగదు మేడం," అన్నాడు. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆ మాట అనడం అదే మొదలు.

డాక్టరమ్మ అంతా అడిగి రాసుకుంది. బ్రాంకోస్కోపీ అని సన్నటి గొట్టం లోపలికి పంపి, ఊపిరితిత్తిలోంచి చిన్న ముక్క తీసి బయాప్సీకి పంపారు. తర్వాత చెప్పింది: "ఇంటర్‌స్టిషియల్ లంగ్ డిసీజ్. ఊపిరితిత్తులు మచ్చలు పడి గట్టిపడే జబ్బు. ముక్కలో ప్లాస్టిక్ లాంటి సన్నటి రేణువులు కనపడ్డాయి. జబ్బంతా వాటివల్లేనని రాసివ్వలేను. గాలితో, నీళ్లతో అందరి ఒంట్లోకీ ప్లాస్టిక్ కొంచెం పోతూనే ఉంది, అదేం చేస్తుందో ఇంకా పూర్తిగా తేలలేదు. కానీ మీరు పీల్చింది కొంచెం కాదు. ఇక ఆ షెడ్డులోకి పోవద్దు."

స్టెరాయిడ్ మాత్రలతో నెలకే దగ్గు తగ్గింది. ఆ మాత్రలకే ముఖం ఉబ్బింది, షుగర్ వచ్చింది. బాగయ్యాను కదా అని ముక్కుకు గుడ్డ కట్టుకుని మళ్లీ షెడ్డులోకి పోయాను. ఆయన వద్దన్నాడు, గట్టిగా అనలేదు. మూడో వారం జ్వరం, ఆయాసం. ఆక్సిజన్ ఎనభై రెండుకు పడిపోయింది. పదకొండు రోజులు తిరుపతి ఆసుపత్రిలో ఆక్సిజన్ మాస్కు పెట్టుకుని పడుకున్నాను. "గుడ్డకు ఆగేంత పెద్దవి కావమ్మా అవి," అంది డాక్టరమ్మ. కోప్పడలేదు. అప్పుడే నాకు భయమేసింది.

ఇంటికొచ్చాక, షెడ్డు వెనక కూరగాయలు పండించే ఖాదర్ మామ చూడ్డానికి వచ్చాడు. పోతూ పోతూ మా ఆయనతో, "మీ కడుగునీళ్లు పారే పక్క మడి ఒకసారి చూడప్పా," అన్నాడు. నేనూ మెల్లగా వెంట నడిచాను. పాలకూర వేర్లకంటిన మన్నులో నల్లటి చుక్కలు. మా ఆయన ఇంత మన్ను తీసి వేళ్లతో నలిపాడు. మన్ను రాలిపోయింది, చుక్కలు మిగిలాయి.

"ఎన్నాళ్లనుంచి మామా?"

"శానా కాలమాయె. మీ బతుకే దానిమీద గదా అని చెప్పలే."

ఆ వారమే మా ఆయన మిషన్ ఆపేశాడు. ఆయన, ఖాదర్ మామ కలిసి రెండు రోజులు ఆ మడి పైమన్ను గీకి గోతాల్లో నింపారు. దాన్ని యాడ పొయ్యాలో ఎవరికీ తెలియలేదు. ఆ గోతాలు ఇప్పటికీ షెడ్డులోనే ఉన్నాయి.

ఇది జరిగి రెండేళ్లు. మా ఆయన ఇప్పుడు తోటల్లో చిల్లులు పడిన డ్రిప్ పైపులకు అతుకులు వేస్తాడు. నేను రోజుకొక మాత్ర మీదున్నాను. సీటీలో మచ్చలు పోలేదు, పెరగనూ లేదు. వీధి చివరిదాకా ఆగకుండా నడుస్తాను. బిందె మాత్రం ఎత్తలేను.

ఒక్కటే చెప్తాను. ఆసుపత్రికి పోతే బాధ ఏందో చెప్పినట్టే, పొద్దున లేచింది మొదలు మీరు ఏమేం పని చేస్తారో, ఏ దుమ్ములో నిలబడతారో కూడా చెప్పండి. జీతం లేని పనైనా సరే, వాళ్లు అడగకపోయినా సరే. మొదటి డాక్టరుకే నేను చెప్పి ఉంటే, ఎనిమిది నెలల ముందే ఆ షెడ్డులోంచి బయటికొచ్చేదాన్ని.